రాణి చీరలో పచ్చ పోగు

నా చిన్నప్పుడు గద్వాలలోని మా వీధికి ఒక రాణి చీర కోసం సినిమావాళ్లు వచ్చారు. కోటలు, ఎగిరే గుర్రాలు, పెద్ద యుద్ధం ఉండే సినిమా అట. రాణి కట్టే ఎర్రంచు చీర నేసే పని మా తాతకు ఇచ్చారు.

మగ్గం మీద మిగిలిన పాత పోగుల కొసలకు కొత్త పోగులను ఒక్కొక్కటిగా మెలిపెట్టి అతకాలి. ఆ పనికి చిన్న వేళ్లే మంచివని తాత పోగు జారకుండా నా వేళ్లకు బూడిద రాసి కూర్చోబెట్టాడు. రాణి ఎలా నడుస్తుందో ఊహించుకుంటూ నేను ఎర్ర పోగులున్న చోట ఒక పచ్చ పోగు అతికేశాను. మూరెడు నేశాక గానీ అంచులో ఆ సన్నటి గీత బయటపడలేదు.

సినిమావాళ్లు చీర వద్దంటే తాత కష్టమంతా నా వల్లే మట్టిపాలవుతుందని ఏడుపు ఆగలేదు.

"ఇగ నేను ఎన్నడూ అతుక తాతా," అని చేతులు వెనక దాచుకున్నాను.

పోగు తెంచి మార్చడం ఆయనకు చిటికెలో పని. కత్తెర అందుకున్నాడు కూడా. నా ముఖం చూసి కింద పెట్టేశాడు.

"ఏడ్వకు బిడ్డా. గది దిష్టి పోగు. రాణిని లోకమంత జూస్తది, దిష్టి తాకొద్దా?"

చీర కోసం హైదరాబాద్ నుంచి వచ్చిన సినిమావాళ్ల అక్క ఆ గీతను చూడగానే పట్టేసింది. నేను తలుపు చాటున బిగుసుకుపోయాను. తాత నవ్వకుండా అదే మాట చెప్పాడు. ఆమె అంచును కళ్లకద్దుకుని తీసుకుపోయింది.

సినిమా విడుదలైన రోజు మా వీధిలో ఒక్క మగ్గం ఆడలేదు, అందరం సినిమా హాల్లోనే. రాణి మెట్లు దిగుతుంటే ఎర్రంచు తెరంతా పరుచుకుని మాయమైంది. పచ్చ గీత ఎవరికీ కనిపించి ఉండదు. తాత మాత్రం చీకట్లో నా చెయ్యి నొక్కి, "అగో, నీ పోగే," అన్నాడు.

ఆ తర్వాత సినిమా ఎలా తీశారో చెప్పే వీడియోలో ఆ అక్క దిష్టి పోగు గురించి చెప్పింది. ఇక చూడాలి! వనపర్తి నుంచి వచ్చిన పెళ్లివాళ్లు కూడా అంచు తిరగేసి, "దిష్టి పోగు లేదేంది?" అని అడిగేవారు. వీధంతా పచ్చ పోగులు పెట్టడం మొదలైంది. మా ఇంట్లో అతికింది నేనే.

పెద్దయ్యాక నానమ్మను అడిగాను, ఈ ఆచారం ఎప్పటిదని.

"ఆచారమా? గది మీ తాత నోట్లెనే పుట్టింది. నువ్వు మల్ల మగ్గం కాడికి రావేమోనని ముసలోడు జర పరేషానయిండు, గంతే."

మొన్న నా కూతురికి బడిలో మొదటి రోజు. కంగారులో ఒక జడ పైకి, ఒక జడ కిందికి వేశాను. ఆటో వచ్చేసింది. ఇంత చిన్న పని కూడా సరిగ్గా చేయలేనా అనుకున్నాను.

"అమ్మా, గిదేంది, ఒకటి మీదికి పోయింది?"

"గది దిష్టి జడ," అన్నాను.

అది ఆ జడనే ఊపుకుంటూ ఆటో ఎక్కింది.