నూట ఇరవయ్యో అద్దం ముక్క

మా ప్రెస్సులో ఆమెను పేరు పెట్టి పిలిచినవాళ్లు లేరు. వాళ్ల అక్క కూతురు రోజూ మధ్యాహ్నం ఆఫీసుకు ఫోను చేసి "మా పిన్నిని ఒకసారి పిలుస్తారా" అని అడిగేది. ఆ పిలుపే అందరి నోళ్లలోనూ నానింది. ఆమెకంటే పదేళ్లు పెద్దవాడైన బైండరు కూడా పిన్నీ అనే పిలిచేవాడు. మేనేజరైతే మర్యాద కోసం చివర ఒక 'గారు' తగిలించేవాడు.

పిన్ని ప్రూఫ్ రీడరు. ఇరవై ఆరేళ్లుగా అదే బల్ల, అదే ఎర్ర పెన్ను. నేను పక్క గదిలో డీటీపీ చేసేవాణ్ణి. నేను కొట్టిన ప్రతి పేజీ ఆమె కళ్ల కింద నుంచి వెళ్లాల్సిందే. ఆమె ప్రతి పేజీనీ రెండుసార్లు చదివేది. మొదటిసారి అందరిలాగే చదివేది. రెండోసారి చివరి మాట దగ్గర మొదలుపెట్టి వెనక్కి వచ్చేది. ఎందుకలా అని ఒకసారి అడిగాను.

"ముందు నుంచి చదివితే కథలో పడి కొట్టుకుపోతాం నాయనా. వెనక నుంచి వస్తే అక్షరం తప్ప ఇంకేమీ కనపడదు" అంది.

తప్పు దొరికినా ఆమె నోరు విప్పేది కాదు. పక్కన చిన్న గీత గీసి, కాగితం నా బల్లమీద పెట్టి, పిల్లిలా వెళ్లిపోయేది. ఎవరైనా గొంతు పెంచితే ఆమెకు మాట పెగిలేది కాదు. నోట్లో నాలుక లేని మనిషని అందరూ అనేవాళ్లు.

అలాంటి మనిషిని ఒక సోమవారం మేనేజరు పిలిచాడు. తప్పులు పట్టే ప్రోగ్రాం ఒకటి కంప్యూటర్లో వేయించామనీ, ఇకనుంచి ఆమె బైండింగ్ గదిలో ఫారాలు, అంటే అచ్చయి మడతపెట్టిన పేజీల కట్టలు, వరస సరిగ్గా ఉన్నాయో లేదో చూస్తే చాలనీ చెప్పాడు. పిన్ని "సరేనండి" అంది. కళ్లజోడు డబ్బా, ఎర్ర పెన్ను చేతిలో పట్టుకుని నా ముందునుంచే నడిచి వెళ్లింది. నేను తలొంచుకుని కీబోర్డు చూస్తూ కూర్చున్నాను.

తర్వాతి సంగతులు ఆమె భోజనాల వేళ కొంచెం కొంచెంగా చెబుతుంటే తెలిసినవి.

ఇంట్లో ముగ్గురు ఆడవాళ్లు. పిన్ని, బట్టలు కుట్టే వాళ్ల అక్క, మందుల షాపులో పనిచేసే అక్క కూతురు. ఆ పిల్లకు ఇరవై నాలుగేళ్లు. ఆదివారం పొద్దున టీవీకి వీడియోగేమ్ తగిలించిందంటే లోకం తలకిందులైనా లేవదు. ఆ ఆటలో నల్లకోటు వేసుకున్న కత్తిసాము మనిషి ఒకతె పాడుబడిన నగరంలో తిరుగుతూ భూతాలతో పోరాడుతుంది. నగరం నిండా నూట ఇరవై అద్దం ముక్కలు దాచి ఉంటాయి. అవన్నీ ఏరి తెచ్చి ఒక పగిలిన అద్దాన్ని అతకాలి. పోరాటం కూడా ఊరికే గెలిస్తే సరిపోదు. ఎంత సొగసుగా కొట్టావో చూసి ఆట తెరమీద ఒక అక్షరం వేస్తుంది. మొరటుగా కొడితే డి. అక్కణ్ణుంచి సి, బి, ఎ. అన్నిటికీ పైన బంగారు రంగులో మెరిసే ఎస్.

బల్ల మారిన వారం పిన్ని ఉతికిన బట్టలు మడతపెడుతూ దిగులుగా తెరవైపు చూస్తోంది. ఉన్నట్టుండి, "ఆ గోడ తప్పే" అంది.

"గోడ తప్పేంటి పిన్నీ?"

"ఇటుకలు ఒక వరస అడ్డం, ఒక వరస నిలువు పేర్చుకుంటూ వచ్చాడు. ఆ మూల మాత్రం రెండు వరసలూ అడ్డమే. ఎవడో చూసుకోలేదు."

అమ్మాయి నవ్వుతూ వెళ్లి ఆ గోడను కత్తితో కొట్టింది. గోడ కూలింది. వెనకాల అరచేతంత అద్దం ముక్క తళతళమంది. ఎనిమిది నెలలుగా ఆడుతున్నా ఆ పిల్లకు దొరికినవి ముప్ఫై ఒకటే. కంట్రోలర్ సోఫామీద పడేసి పిన్నిని వాటేసుకుంది.

అప్పట్నుంచి ఆదివారాలు ఇద్దరివీ అయ్యాయి. పిన్ని ఒక నోటుబుక్కు పెట్టింది. వీధి వీధికీ ఒక పేజీ. "ముందుకు పరిగెత్తకే, వెనక్కి తిరుగు. వచ్చిన దారి చూడు" అనేది. చూస్తే, వాళ్లు దాటొచ్చిన తోరణం వెనకవైపే ముక్క వేలాడుతూ ఉండేది. నీడ పడాల్సిన చోట నీడ లేకపోయినా, వరస దీపాల్లో ఒకటి ఆరిపోయి ఉన్నా ఆమె కన్ను అక్కడ ఆగేది. మూడు నెలల్లో నూట పంతొమ్మిది దొరికాయి.

చివరిది మాత్రం దాచింది కాదు, గెలుచుకోవాల్సింది. గుండ్రటి నాటకశాలలో వరసగా అయిదు పోరాటాలు, అయిదింటిలోనూ బంగారు అక్షరం రావాలి. కొట్లాటంటే అమ్మాయిదే పైచెయ్యి కాబట్టి ఆ ముక్క అమ్మాయి వంతు అనుకున్నారు. ఈలోపు ఆ పిల్ల స్కూటరు మీంచి పడి మణికట్టు విరగ్గొట్టుకుంది. ఆరు వారాలు కట్టు.

"పిన్నీ, నువ్వే కొట్టాలి."

"నేనా? నేను దోమను కూడా కొట్టనే!"

కుట్టుమిషను దగ్గర్నుంచి అక్క అందుకుంది. "అదా? అది దోమను కూడా బతిమాలి పంపిస్తుంది."

మొదటి ఆదివారం చూడాల్సిందేనట. భూతం అల్లంత దూరాన కత్తి ఎత్తగానే పిన్ని కళ్లు మూసుకుని కత్తిసాము మనిషిని నాటకశాల చివరిదాకా పరిగెత్తించేది. మూలకి చేరాక దొరికిన ఒక్క బటన్నే టకటకా నొక్కేది. తెరమీద డి. మళ్లీ డి. రెండో వారం కూడా డి.

"పారిపోకు పిన్నీ. దెబ్బ మీదికొచ్చేదాకా నిలబడు. వచ్చాక ఒక్క అడుగు పక్కకి జరుగు, చాలు."

"వచ్చేదాకా ఎలా నిలబడనే? గుండె ఆగిపోతోంది."

"దాని భుజం చూడు. కొట్టేముందు భుజం కదులుతుంది."

ఆ మాట పిన్నికి పట్టుకుంది. ఒక రోజంతా ఆమె ఎవరినీ కొట్టలేదట. ఊరికే నిలబడి, దెబ్బలు తింటూ, ఒక్కొక్క భూతాన్నీ చదివింది. పొడుగుది కొట్టేముందు ఎడమకాలు వెనక్కి వేస్తుంది. పొట్టిది రెండుసార్లు బెదిరించి మూడోసారే నిజంగా కొడుతుంది. అవన్నీ నోటుబుక్కులో రాసుకుంది.

ఇంకో సంగతి ఆమె సొంతంగా కనిపెట్టింది. ఒకే దెబ్బ పదే పదే కొడితే అక్షరం కిందికి జారుతోంది. దెబ్బ మార్చి మార్చి కొడితే పైకి లేస్తోంది. "ఓస్, ఇంతేనా! ఒక పేరాలో ఒకే మాట మూడుసార్లు పడితే నేను గీత గీయనూ?" అని తనలో తనే నవ్వుకుందట. ఒక కత్తి దెబ్బ, ఆ తర్వాత గొలుసు దెబ్బ, ఒక గెంతు, మళ్లీ కత్తి. నాలుగో వారానికి బి, ఎ కనపడటం మొదలైంది.

సరిగ్గా ఆ రోజుల్లోనే ప్రెస్సులో ఒక పుస్తకం గొడవ వచ్చింది.

నర్సుల కోసం చిన్నపిల్లల మందుల మోతాదులు వివరించే చేతిపుస్తకం అది. రెండు వేల కాపీలు. ఫారాలు అచ్చయి బైండింగ్‌కి వచ్చాయి. వరస చూడటం వరకే పిన్ని పని అయినా, కళ్లు ఊరుకుంటాయా? ఒక మందు దగ్గర పాయింటు అయిదు ఉండాల్సిన చోట చుక్క ఎగిరిపోయి ఉత్త అయిదు అని పడింది. అయిదు అనేది అక్షరదోషం కాదు కాబట్టి కంప్యూటరు కిమ్మనలేదు. ఆ పేజీ కొట్టింది నేనే.

పిన్ని మేనేజరు దగ్గరికెళ్లి, "ఇది తప్పండి" అంది.

"ప్రోగ్రాం చూసింది కదా పిన్నిగారూ. రేపు డెలివరీ."

"ఇది తప్పండి."

ఆయన ఫోను చేతిలోకి తీసుకున్నాడు. ఆమె మూడోసారి కూడా అదే మాట అని బయటికి వచ్చేసింది.

మర్నాడు పొద్దున గేటు తెరిచేసరికి ఆమె అక్కడే నిలబడి ఉంది. పక్కన చేతికట్టుతో అక్క కూతురు. పిన్ని లోపలికి వచ్చి గోదాములోంచి ఆ పుస్తకం పాత ముద్రణ దుమ్ము దులిపి తీసింది. తర్వాత నా దగ్గరికి వచ్చింది.

"రాతప్రతి నీ దగ్గరే ఉందిగా నాయనా. అది పట్టుకుని నాతో రా."

బీరువాలోంచి ప్రతి తీశాను. చుక్క స్పష్టంగా ఉంది. కొట్టేటప్పుడు వదిలేసింది నేనే. తప్పు నాదని బయటపడితే ఉద్యోగం ఏమవుతుందో అనే భయం కలిగింది, అబద్ధమెందుకు. అయినా ఆమె వెనకాలే నడిచాను.

పిన్ని ఈసారి "ఇది తప్పు" అనలేదు. ముందు పాత పుస్తకం తెరిచి పెట్టింది. దానిమీద నా చేతిలోని ప్రతి పెట్టింది. ఆ తర్వాత అమ్మాయి షాపు నుంచి తెచ్చిన మందుపెట్టెలోని కాగితం మడత విప్పి పెట్టింది.

"ఒక్క చుక్కకోసం ఇంత గొడవా?" అన్నాడు మేనేజరు.

"చుక్కేనండి. అది లేకపోతే పసిపిల్లకు పదింతల మందు పడుతుంది."

"కొట్టింది నేనేనండి. తప్పు నాది" అన్నాను. అది నోట్లోంచి ఎలా వచ్చిందో నాకే తెలియదు.

ఆయన లేచి నిలబడి ఇద్దరి మీదా విరుచుకుపడ్డాడు. ఇదివరకైతే పిన్ని గోడకు అతుక్కుపోయేది. ఆ రోజు ఆయన అరుపు పూర్తయ్యేదాకా కదలకుండా విన్నది. విని, ఒక్క అడుగు పక్కకి జరిగి, బైండింగ్ గది తలుపు తీసి, "అన్నయ్యా, కుట్టడం ఆపండి" అంది. బైండరు సూది కింద పెట్టేశాడు.

ఆ ఒక్క ఫారం మళ్లీ అచ్చు వేశారు. పుస్తకం రెండు రోజులు ఆలస్యంగా వెళ్లింది. మేనేజరు నెలరోజులు మా ఇద్దరితోనూ మాట్లాడలేదు. ఆ తర్వాత ఒకరోజు ప్రూఫుల కట్ట ఆమెకు పంపించి, పాత బల్ల దగ్గరికి రమ్మని కబురు పెట్టాడు. ఆమె బల్ల వద్దంది. బైండింగ్ గదిలో కిటికీ ఉందనీ, ప్రూఫులు అక్కడికే పంపితే చాలనీ చెప్పి పంపింది. కంప్యూటరు చూసిన పేజీలు కూడా ఆమె చూశాకే అచ్చుకు వెళ్లాలని ఒక మాట చేర్చింది. ఆయన ఒప్పుకున్నాడు.

ఆట నేర్పిన ధైర్యమా అని నేను అడిగాను.

"ఏమో నాయనా. ఆటలో ప్రాణం పోతే మళ్లీ వస్తుంది. ఇక్కడ కాళ్లు ఎంత వణికాయో నాకే తెలుసు."

మేనేజరు ఇంకా మాతో మాట్లాడని రోజుల్లోనే, అమ్మాయి కట్టు విప్పడానికి రెండు రోజుల ముందు, ఒక ఆదివారం పొద్దున పిన్ని నాటకశాలలో అయిదు బంగారు అక్షరాలూ తెచ్చుకుంది. చివరి ముక్క అతుక్కుని అద్దం నిండింది. కత్తిసాము మనిషి అందులో తన ముఖం చూసుకుంది. కోటు రంగు నలుపు పోయి తెలుపైంది. అంతకుమించి ఏమీ లేదు. "ఇంతేనా!" అని అమ్మాయి ఉసూరుమంది. పిన్ని మాత్రం ఆ తెల్లకోటును అటూ ఇటూ తిప్పి చాలాసేపు చూసిందట.

ఆ తర్వాతి వారం నన్ను కూడా పిలిచారు. నేను వెళ్లేసరికి కంట్రోలర్ అక్క చేతిలో ఉంది. ఆమె కుట్టుమిషను తొక్కినంత జోరుగా ఒక్క బటన్నే బాదేస్తోంది. భూతం కూలింది. తెరమీద ఇంతెత్తున డి పడింది.

"అక్కా, దెబ్బ మార్చాలే" అంది పిన్ని.

"అక్షరం ఏదైతే నాకేంటే? వాడు పడ్డాడా లేదా?" అంటూ అక్క రెండో భూతం మీదికి నడిచింది.