విమానాలు ఆపినవాణ్ణి, లారీ ఆపలేనా?

మొన్న ఆదివారం నుంచి ఆకివీడు వైపు వెళ్ళడానికి నాకు మొహం చెల్లట్లేదండీ. టీ తాగుతూ వినండి, చెప్తాను. నవ్వితే నవ్వండి, మా బావగారు ఎలాగూ ఊరంతా చెప్పేశారు!

మీకు తెలుసుగా, నేను నేవీలో చేశాను. విమానాలు దిగే పెద్ద ఓడ. పదకొండేళ్ళు దాని డెక్ మీదే డ్యూటీ. పసుపు జెర్సీ వేసుకుని, విమానానికి ఎదురుగా నిలబడి, చేతులతో సైగలు చేస్తూ దాన్ని నడిపించి, గీత దగ్గర ఆపించాలి. కాస్త అటూ ఇటూ అయితే అవతల సముద్రమే! రిటైరై తాడేపల్లిగూడెం వచ్చేసినా, ఆ ఓడ ఎక్కడెక్కడ తిరిగిందో రోజుకి ఒక్కరికైనా చెప్పకపోతే నాకు అన్నం సహించదు. ముందు గోవా దగ్గర ట్రయల్స్, తర్వాత కొచ్చిన్, అరేబియా సముద్రంలో నెలల తరబడి గస్తీ, డ్రై డాక్‌లో రిపేర్లు, ఆ తర్వాత వైజాగ్, అండమాన్, చివరికి సింగపూర్. వరస తప్పను. మా అక్కయ్యకి ఇదెంత అలవాటైపోయిందంటే, వంటింట్లోంచి "ఓడ ఎక్కడుందిరా?" అని కేకేస్తుంది. కొచ్చిన్ అంటే ఇంకో వాయి ఇడ్లీ వేస్తుంది. సింగపూర్ అంటే కాఫీకి పాలు పెడుతుంది.

ఆదివారం బావగారి చెరువు పట్టుబడి. ఆకివీడు దగ్గర, కొల్లేరు పక్కనే లెండి. ఏడాదిగా మేపిన చేపలు. పొద్దున్నే వల లాగి, చేపలన్నిటినీ గట్టు పక్కకి చేర్చి ఉంచారు. లారీ రావాలి, ఐసు వేసిన ట్రేలు ఎక్కాలి, పదకొండు కల్లా బండి కదలాలి. ఆలస్యమైతే పక్క చెరువుకి వెళ్ళిపోతానని కొనే ఆయన ముందే చెప్పేశాడు. బావగారికి ఆ పూట కాఫీ కూడా దిగలేదు పాపం.

నేను గట్టు మీద వలవాళ్ళకి ఓడ సంగతులు చెప్తున్నాను. కొచ్చిన్ దాకా వచ్చానో లేదో, లారీ వచ్చింది. గట్టు సన్నం, తిప్పుకోడానికి చోటు లేదు, రోడ్డు దగ్గర్నుంచి రివర్స్‌లోనే రావాలి. క్లీనర్ వీర్రాజుగారని, అరవై దాటిన మనిషి. లారీ పక్కనే నడుస్తూ, బాడీ మీద దబదబా చరుస్తూ, "రానీ! రానీ! రైటు తిప్పు! రానీ!" అని ఒకటే కేకలు.

నాకు చిర్రెత్తుకొచ్చింది.

"ఆగండి వీర్రాజుగారూ! ఏంటండీ ఈ గోల? మా డెక్ మీద జెట్ ఇంజిన్ల హోరులో మాటన్నదే ఉండదు. అంతా చేతులే!"

"మాకు ఇదే అలవాటండీ."

"మీరు పక్కకి రండి, నేను చూసుకుంటాను. ఎవ్వరూ నోరెత్తకండి!"

బావగారు దగ్గరికొచ్చి, "ప్రసాదూ, ఆయన్ని చెయ్యనియ్యవోయ్, నీకు దణ్ణం పెడతాను," అన్నారు.

"బావగారూ, పదకొండేళ్ళలో ఒక్క విమానాన్ని నీళ్ళలో పడనివ్వలేదు. చేపల లారీ ఎంతండీ?" అన్నాను. ఆ మాట అనకుండా ఉండాల్సింది.

గట్టంతా నిశ్శబ్దం. నేను లారీ వెనక కాళ్ళు ఎడంగా పెట్టి, చేతులెత్తి, రా రమ్మని సైగ చేశాను. వచ్చింది! అబ్బ, ఏం వచ్చిందండీ! ఛాతీ ఉప్పొంగింది. ఇంతలో లారీ కాస్త ఎడమకి లాగుతోంది. కుడికి తిప్పమని సైగ చేశాను. తిరగలేదు. మళ్ళీ చేశాను. ఊహూఁ. సరే, ఆపేద్దామని రెండు చేతులూ తలపైన అడ్డంగా పెట్టాను. ట్రైనింగ్‌లో చూపించినట్టే, ఫొటో తీసుకోవచ్చు. లారీ ఆగలేదు!

అప్పుడు వెలిగిందండీ. విమానమైతే ముక్కు నావైపు ఉంటుంది, పైలట్ నా చేతులే చూస్తుంటాడు. ఇది రివర్స్ లారీ! ఇంతసేపూ నేను సైగలు చేస్తున్నది వెనక తలుపు మీద రాసిన "హారన్ ప్లీజ్"కి. డ్రైవర్ అవతల కొసన ఉన్నాడు. అద్దంలో నేను కనబడను. తేడా వస్తే ఎవరో ఒకరు అరుస్తారులే అని ఆయన ధీమా. ఆ అరిచే నోళ్ళన్నీ మూయించింది నేనే!

ఇప్పుడు నేను అరవాలి కదా? నోరు పెగల్లేదండీ! పదకొండేళ్ళ అలవాటు, చేతులే ఇంకా గట్టిగా ఊపాను. ఊపుతూ పక్కకి జరిగితే గట్టు అయిపోయింది. నడుం లోతు నీళ్ళలో పడ్డాను. ఆ వెంటే లారీ ఎడమ వెనక చక్రాలు జారి సరిగ్గా వలని నీళ్ళ పైన పట్టి ఉంచే తాడు మీదికి దిగాయి. తాడు మునిగింది. శీలావతులూ బొచ్చెలూ నా నడుం పక్కనించే ఈదుకుంటూ చెరువులోకి పోయాయి. బావగారు తల పట్టుకుని గట్టు మీద కూలబడ్డారు. ఆయన్ని చూశాక నాకు నిజంగా ఏడుపొచ్చింది.

"ఆపేయ్!" అని వీర్రాజుగారు లారీ మీద ఒక్కటి చరిచారు. టక్కున ఆగింది.

తర్వాత కథంతా ఆయనదే. ట్రాక్టర్ తెప్పించి, కేకల మీద కేకలేసి లారీని పైకి లాగించారు. వల మళ్ళీ మొదట్నుంచి లాగారు. లారీ కదిలేసరికి మూడైంది. కొనే ఆయన మండిపడ్డాడు గానీ ఎక్కడికీ పోలేదు. పక్క చెరువుకి పోదామన్నా, ఆయన లారీ మా చెరువులోనే ఉందాయె!

మధ్యలో అక్కయ్య ఫోన్. టిఫిన్ పెట్టాలా వద్దా అని, "ఓడ ఎక్కడుందిరా?" అంది. బావగారు నా చేతిలోంచి ఫోన్ లాక్కుని, "చెరువులో ఉంది!" అని కట్ చేశారు.

చివరి ట్రేలు ఎక్కుతుంటే, బావగారి లుంగీ కట్టుకుని ఓ పక్కన నిలబడ్డాను. వీర్రాజుగారు బీడీ వెలిగించుకుని నెమ్మదిగా దగ్గరికొచ్చారు.

"ఏవండీ, మీరు పనిచేసిన పదకొండేళ్ళలో నిజంగా ఒక్క విమానం కూడా నీళ్ళలో పడలేదాండీ?"

"లేదండీ," అన్నాను తలొంచుకుని.

ఆయన నన్ను పైనుంచి కిందికి ఓసారి చూశారు.

"అయితే ఆ పైలట్లు చాలా మంచోళ్ళండీ!"