నాది కాదన్న సంతకం

మా నాన్న నాకిచ్చిన స్థలం ఇబ్రహీంపట్నం శివార్లలో ఉండేది. గుణదలలో ఫ్లాట్ కొనుక్కోవాలని దాన్ని అమ్మకానికి పెట్టాను. కొంటానని వచ్చినాయన నా క్లాసులో ఎనిమిది చదివే అమ్మాయి తండ్రి. ఆటోనగర్‌లో లారీలకు బాడీలు కట్టే మేస్త్రీ. ముస్లిం కుటుంబం, ముగ్గురు పిల్లలు, అద్దె ఇల్లు.

"మీరు మా పిల్ల టీచరుగారు. మీ మాట చాలు మేడమ్, కాగితమెందుకండీ?" అన్నాడు.

కాగితం ఉండాలని పట్టుబట్టింది నేనే. స్టాంపు పేపరు మీద అగ్రిమెంటు రాయించాం. అడ్వాన్సు ఇచ్చాడు. మూడు నెలల్లో మిగతాది ఇస్తే రిజిస్ట్రేషన్ చేస్తానని సంతకం పెట్టాను.

ఆ మూడు నెలలు నిండకముందే, కృష్ణకు అవతల ఒడ్డున రాజధాని వస్తుందని తెలిసింది. ఇవతల కూడా రేట్లు లేచాయి. మా వారు రోజుకో రేటు మోసుకొచ్చేవారు.

"అప్పనంగా ఇచ్చేస్తావా అతనికి?"

"మాటిచ్చాను కదండీ" అన్నాను. ఆయన్ని ఆపడానికి అన్న మాట కాదది. ఇంకొంచెం గట్టిగా చెప్పి నన్ను ఒప్పిస్తారని అన్నాను. ఒప్పించారు.

మేస్త్రీ గడువుకి పది రోజుల ముందే వచ్చాడు. పాత దస్తావేజులు ఊళ్ళో ఉన్నాయన్నాను. మళ్ళీ వచ్చాడు. ఇంకేదో చెప్పాను. మూడోసారి నేను వంటింట్లోనే ఉండి, ఇంట్లో లేనని మా వారితో చెప్పించాను. గుమ్మం ముందు నా చెప్పులున్నాయి. కిటికీ సందులోంచి చూశాను. అతను ఆ చెప్పుల వంక చూసి, "మేడమ్ గారు వచ్చాక చెప్పండి సార్" అని మెట్లు దిగిపోయాడు.

తరవాత లాయరు నోటీసు, ఆ పైన దావా. డబ్బు సిద్ధంగా ఉంది, అగ్రిమెంటు ప్రకారం రిజిస్టరు చేయించండని కోర్టుని అడిగాడు.

"సంతకం మీది కాదనండి. రుజువు చేసుకోవడం వాళ్ళ తిప్పలు. నాలుగేళ్ళు తిరిగితే విసిగి అడ్వాన్సు తీసుకుని పోతాడు" అన్నాడు మా లాయరు.

అతను పోలేదు. పని మానుకుని ప్రతి వాయిదాకీ వచ్చేవాడు. నేను లీవు పెట్టి వెళ్ళేదాన్ని. వరండాలో ఎదురైతే నమస్కారం పెట్టేవాడు. నేను ఫోనులో ఏదో వెతుక్కునేదాన్ని.

నా వంతు వచ్చింది. బోనెక్కి ప్రమాణం చేసి, అగ్రిమెంటు మీద సంతకం నాది కాదన్నాను. గొంతు వణకలేదు. ముప్పై ఏళ్ళు పాఠాలు చెప్పిన గొంతు మరి.

అతని లాయరు పాత అట్ట ఒకటి నా చేతికిచ్చాడు. ఎనిమిదో తరగతి ప్రోగ్రెస్ కార్డు.

"ఇందులో క్లాస్ టీచర్ సంతకాలు మీవేనా అమ్మా?"

కాదనలేను. నాలుగు పరీక్షలకి నాలుగు సంతకాలు. "నావే" అన్నాను. పక్కనే అగ్రిమెంటు పెట్టాడు. మొదటి అక్షరం మీద తిప్పే సున్నా, చివర లాగే గీత, ఏదీ తేడా లేదు. జడ్జిగారు రెండూ తెప్పించుకుని చూసి, నా వైపు ఒక్కసారి చూశారు. నేను తల దించుకున్నాను.

బయటికొస్తే వరండా బెంచీ మీద ఆ అమ్మాయి కూర్చుని ఉంది. అప్పటికి డిగ్రీ చదువుతోంది. నన్ను చూడగానే, ఒళ్ళో ఫైలు పెట్టుకుని ఉన్నదల్లా లేచి నిలబడింది, క్లాసులోకి టీచరొస్తే నిలబడినట్టు. మేస్త్రీయే దగ్గరికొచ్చాడు.

"ఏమీ అనుకోకండి మేడమ్. ఆ కార్డు వద్దనే చెప్పాను నేను. అమ్మాయే దాచుకుంది. టీచరుగారు మర్చిపోయుంటారు, చూపిస్తే గుర్తొచ్చి ఒప్పుకుంటారు అంది."

నన్ను తిట్టి ఉంటే తట్టుకునేదాన్ని. "సరేనండీ" అని మాత్రం అనగలిగాను.

తీర్పు అతని పక్షానే వచ్చింది. మిగతా డబ్బు కోర్టులో కట్టమన్నారు, నన్ను రిజిస్టరు చేయమన్నారు. అతను గడువులోపే కట్టేశాడు. అప్పుడైనా నేను వెళ్ళి సంతకం పెట్టి ఉండాల్సింది. అప్పీలుకి వెళ్దామని మా వారు కాదు, నేనే అన్నాను. లాభం లేదని లాయరే చెప్పాడు. అయినా రిజిస్ట్రారు ఆఫీసుకి వెళ్ళలేదు. వాళ్ళిద్దరి ఎదుటా ఆ సంతకం పెట్టే ధైర్యం చాల్లేదు. చివరికి కోర్టు ఉద్యోగి ఒకరు నా బదులు సంతకం చేసి దస్తావేజు రిజిస్టరు చేయించారు.

కోర్టులో ఉన్న డబ్బు మాత్రం దరఖాస్తు పెట్టుకుని తీసుకున్నాను. దానికి సంతకం పెట్టడానికి నాకు ఏ అడ్డమూ రాలేదు.