భీమేశ్వరరావు పేల్చాల్సిన బండ

"...కొట్టినవా, కొట్టలేదా? గదొక్కటి చెప్పు సారూ!"

"కొట్టానమ్మా. కొబ్బరికాయ కొట్టకుండా ఎవరైనా సినిమా మొదలుపెడతారా?"

"ఎవరి ముంగట కొట్టినవు?"

డైరెక్టరు భీమేశ్వరరావు బండ వైపు చూశాడు. నిలదీస్తున్న కిష్టమ్మతో పాటు వచ్చిన గోపన్‌పల్లి ఆడవాళ్ళు బండ చుట్టూ కూర్చున్నారు. పది రోజుల కిందట అది ఉత్త రాయి. సినిమాలో క్షుద్రదేవత కోసం అతనే దానికి పసుపు పూయించి, కుంకుమ బొట్లు పెట్టించి, తగరపు కళ్ళు అతికించాడు. ముహూర్తం నాడు చూస్తే దేవుడి పటం మద్రాసులోనే ఉండిపోయింది. ఎదురుగా బండ ఉంది కదా అని దానికే హారతి ఇచ్చి కాయ కొట్టారు. మర్నాటి నుంచి ఊరివాళ్ళు నైవేద్యం తెస్తున్నారు. షూటింగువాళ్ళకు అది ముచ్చటగా ఉండేది.

ఇవాళ ఆ బండ పేలాలి. అది పగిలితేనే కథలో దెయ్యం చస్తుంది.

ఏలూరు నాటకాలకు మేకప్ వేసే భీమేశ్వరరావు మద్రాసు వెళ్ళి రాక్షసులకు కోరలు చేశాడు, హాస్యచిత్రాలకు మాటలు రాశాడు, ఒక జానపదం తీశాడు. ఏదీ నిలబడలేదు. అరవై తొమ్మిదిలో ఖాళీ బంగళా ఒకటి దొరికిందని తీసిన దెయ్యం సినిమా మాత్రం ఆడింది. ఆ తర్వాత ఎవరూ అతన్ని ఇంకో కథ అడగలేదు. అతని సినిమాల్లో దెయ్యాల నవ్వులన్నీ అతని గొంతే. గత రెండు సినిమాలూ పోయాయి. దీన్ని పంపిణీదారు ఒక్క షరతు మీద ఒప్పుకున్నాడు. చివర బండ పేలాలి, లేకపోతే సినిమా విడుదల చేయడు.

"మబ్బు లేస్తోందండీ," అన్నాడు మేనేజరు శ్రీనివాసరావు. ఎర్ర ఫిల్టరు పెట్టి పట్టపగటిని అర్ధరాత్రిగా తీస్తారు. దానికి తెరిపి ఆకాశం కావాలి. కెమెరా రేపు మద్రాసు బయల్దేరాలి.

రాళ్ళు పేల్చే వీరేశం పొద్దున్నే బండలో మందు కూరాడు. ఇప్పుడు కిష్టమ్మ దానికే ఆనుకుని ఉంది.

"లేవుండ్రమ్మా, లోపట మందున్నది," అని బతిమాలాడు.

"ఉండనీ. అమ్మను పేల్చేటోనివి, మమ్మల్ని గూడ పేల్చు. మా ఆయన జర నిమ్మళమైతడు."

ఆడవాళ్ళు నవ్వారు. భీమేశ్వరరావు నవ్వలేదు.

"అమ్మవారు ఇక్కణ్ణుంచి వెళ్ళాలంటే ఏం చేయాలమ్మా?"

"నువ్వు పొమ్మంటే పోతదా? అమ్మనే ఎవరి మీదికన్న వచ్చి చెప్పాలె. పోతున్న అంటే మేమే లేస్తం."

శ్రీనివాసరావు అతన్ని పక్కకు లాగాడు. "విన్నారా? పుణ్యవతిని పంపండి. కాసేపు ఊగితే చాలు. మీరు నేర్పని పూనకమా!"

దెయ్యం వేషంలో గొడుగు కింద కూర్చున్న పుణ్యవతికి అది వినపడింది. లేచి జుట్టు విప్పుకుంది.

"ఏం మాట అనాలి గురువుగారూ?" అంది మెల్లగా.

మబ్బు సూర్యుడి దగ్గరకు వచ్చేసింది. కెమెరామన్ అతని వైపే చూస్తున్నాడు.

విప్పిన జుట్టు చూడగానే ఆడవాళ్ళ నవ్వు ఆగిపోయింది. ఒకామె ఒళ్ళో బిడ్డ మొహాన్ని పుణ్యవతి వైపు తిప్పింది. హాల్లో జనం వేళ్ళ సందుల్లోంచి చూస్తారు, చూసి నవ్వుకుంటూ ఇళ్ళకు పోతారు. ఇక్కడ ఎవరూ కళ్ళు మూసుకోలేదు. కిష్టమ్మ చేతులు అప్పుడే జోడించి ఉన్నాయి.

"వస్తున్నదా సారూ?" అంది. ఇంతసేపూ అరిచిన గొంతు అది కాదు.

అతను పుణ్యవతి వైపు చూశాడు. ఆమె సైగ కోసం ఆగింది. వీరేశం అగ్గిపెట్టెను జేబులో పెట్టి, మళ్ళీ తీశాడు.

"పుణ్యవతీ, జుట్టు ముడేసుకో," అన్నాడు భీమేశ్వరరావు. "శ్రీనివాసరావ్, మందు తీయించు. ఈ సినిమాలో దెయ్యం చావదు. పంపిణీదారుకు నేనే చెబుతాను."