ఈశ్వరయ్య ఊదే కేసెట్టు

ఆళ్లగడ్డ బస్టాండు పక్కన వీడియోగేముల అంగడి నడిపే ఈశ్వరయ్య ఏ కేసెట్టునైనా నోటితో ఊది, పంచె చెంగుతో తుడిచిగానీ పెట్టడు. జపాను బొమ్మల ఫుట్‌బాల్ కేసెట్టంటే మరీ ముద్దు. అందులో తన్నిన బంతి గోలు చేరేలోపు బీడీ తాగి రావచ్చంటాడు. కక్షల ఊరు, రోడ్డుకు వీపు పెట్టి ఎవరూ కూర్చోరు. అందుకే టీవీ ఎప్పుడూ గుమ్మం పక్కనే, ఆడేవాళ్లకు రోడ్డు కనిపించేట్టు ఉంటుంది. నిన్న జీపులో వచ్చిన ఇద్దరు కారణం చెప్పకుండా దాన్ని లోపలి గోడకు మార్పించిపోయారు.

ఈరోజు కక్షలున్న ఇంటి కొడుకు మహేశ్వర్ ఆటకొచ్చాడు. "ఏందన్నా, టీవీ ఈడికి మార్చినావ్?"

"ఆడ ఎండ పడతాండాదప్పా," అన్నాడు ఈశ్వరయ్య.

మహేశ్వర్ రోడ్డుకు వీపు పెట్టి కూర్చుని బంతిని తన్నాడు. బయట అదే జీపు వచ్చి ఆగింది. బంతి ఇంకా గాల్లోనే ఉంది. ఈశ్వరయ్య తల వంచుకుని, దుమ్ము లేని కేసెట్టొకదాన్ని ఊదుతూనే ఉన్నాడు.