గెర్లిండె హార్మ్‌సెన్ గొంతు ఎవరిది?

హాంబుర్గ్‌లో గెర్లిండె హార్మ్‌సెన్ ముఖాన్ని గుర్తుపట్టేవారు కొద్దిమందే. ఆమె గొంతు విననివారు లేరు. ఏళ్ల తరబడి ఒక ఇటాలియన్ తారకు జర్మన్‌లో గొంతు ఆమెదే. మా దేశంలో ఒక పరాయి తారకు ఒక గొంతు కుదిరితే జనం ఇక దాన్ని మారనివ్వరు. తెర మీద ఆ తార నవ్వాలంటే, ముందుగా వాండ్స్‌బెక్‌లోని డబ్బింగ్ గదిలో గెర్లిండె నవ్వాలి.

నలభై ఏళ్లకు దగ్గరవుతుండగా ఆమెకు మొదటిసారి ఒక జర్మన్ సినిమాలో కథానాయిక వేషం దొరికింది. సముద్రంలో భర్తను పోగొట్టుకుని, రేవులో చేపలు కడిగి బతికే స్త్రీ పాత్ర. మొదటి ప్రదర్శన నాడు ఆమె పక్క కుర్చీలో నేనున్నాను. ఆమె ఒప్పందాలు చూసే న్యాయవాదిని నేనే.

తెర మీద గెర్లిండె నోరు తెరిచింది. సన్నటి, లేత గొంతు ఒకటి వినిపించింది. అది ఆమెది కాదు.

ఆమె నా మణికట్టు గట్టిగా పట్టుకుంది. "ఎవర్తె అది? నా నోట్లోంచి ఎవర్తె మాట్లాడుతోంది?"

చివరిదాకా ఆ గొంతే. దీపాలు వెలిగాయి, చప్పట్లు మోగాయి. ఆమె వేదికెక్కి తల వంచింది గాని, మైకు ముందు పెదవి కదపలేకపోయింది.

దర్శకుడు రోడెర్‌ను నడవలో నిలదీసింది.

"కోప్పడకు గెర్లిండె. ముందొకసారి నీ గొంతుతోనే జనానికి వేసి చూపించాం. నువ్వు ఏడుస్తుంటే వాళ్లు నవ్వారు. 'రోము నుంచి ఈవిడ చేపలు కడగడానికెప్పుడొచ్చింది?' అని ఒకడు అరిచాడు కూడా."

"నాతో ఒక మాట అనొచ్చుగా?"

"అంటే ఒప్పుకునేదానివా?"

"చచ్చినా ఒప్పుకోను!"

"అందుకే అనలేదు."

నేను విచారించాను. ఆనాడు హాలులో ఉన్నవారు కూడా జనం నవ్విన మాట నిజమేనన్నారు. గొంతు మార్చే హక్కు ఒప్పందంలోనే నిర్మాతకు ఉంది. దావా నిలవదు. అయినా, చెప్పకుండా చేయడం అన్యాయమే. ఈ రెండింటిలో ఏదీ రెండోదాన్ని కొట్టివేయదు.

ఇటాలియన్ తారకు గొంతివ్వడం మానొద్దని, అది చేతిలో ఉన్న కూడు అని హెచ్చరించాను.

"ఆవిడ దగ్గర నా గొంతున్నంత కాలం నా మొహం మూగదే, వకీలుగారూ" అని, వదిలేసింది.

తరువాతంతా టెలివిజనే. నేరకథల ధారావాహికల్లో పొరుగింటామె, నర్సు, సాక్షి, జడ్జి. ఎంత చిన్న వేషమైనా గొంతు తనదే. మొదట్లో వీధిలో ఎవరో ఒకరు, "అచ్చం ఆ ఇటలీ ఆవిడలా భలే మాట్లాడతారే!" అనేవారు. విన్న ప్రతిసారీ ఆమె ముఖం పాలిపోయేది. వేషాలు మాత్రం మానలేదు.

ఆమె జుట్టు పూర్తిగా నెరిశాక, ఒక ఆదివారం టీవీలో ఆ తార పాత చిత్రం వేశారు. మర్నాడు పొద్దున మేమిద్దరం రొట్టెల కొట్టులో ఉన్నాం. కొట్టామె పూషెల్ నిప్పులు కక్కుతోంది.

"హార్మ్‌సెన్‌గారూ, నిన్న టీవీ చూశారా? ఎంత తెంపరితనమండీ! ఆ ఇటలీ మనిషి మీ గొంతు దొంగిలించి మాట్లాడుతోంది! వకీలుగారు పక్కనే ఉన్నారు, కేసు పడేయండి!"

గెర్లిండె చేతిలోని రొట్టెల సంచి జారి నేల మీద పడింది. వంగి దాన్ని తీసుకుంది. తరువాత నావైపు తిరిగింది.

"ఈసారి దావా నిలుస్తుందా?"

"నిలవదు" అన్నాను.

ఆమె నవ్వింది. పూషెల్ నామీద మండిపడింది.

"మీరూ ఒక వకీలేనా!"