మా జట్టులో పదకొండో వాణ్ణి

ఆ రోజుల్లో కువైట్ గడ్డ మీద జరిగిన ఒక మహాసంగ్రామం గురించి చెప్పబోతున్నాను. ఇసుక తుఫాను, ఇనప కమ్మీల శిరస్త్రాణాలు, నేలకూలిన వీరులు, అన్నీ ఉన్నాయి. (ఆ రోజులంటే తాతల కాలం కాదు, నేను డిగ్రీ చదివిన రోజులు, నాలుగేళ్ళ కిందటివి.) నిజం చెప్పేస్తే సంగ్రామమేం కాదు. మా చిన్న కాలేజీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు ఒక సీజన్‌లో ఐదు మ్యాచ్‌లు ఆడి ఐదూ ఓడిపోయింది. తుఫాను ఒక్కసారే వచ్చింది, ఆ రోజు మాకు మ్యాచ్ లేదు. నేలకూలిన వీరుల్లో ఎక్కువసార్లు నేనే ఉన్నాను.

జట్టు పెట్టింది మాకు లెక్కలు చెప్పే అమెరికన్ మాష్టారు. కాలేజీ వెనక రాళ్ళు పడున్న జాగాని ఆయన స్వయంగా బాగుచేసి మైదానం చేశారు. ప్రతి శుక్రవారం పొద్దున్నే సున్నం డబ్బా పట్టుకుని గీతలు గీసేవారు. ఆ ఏడు కాలేజీ ఆఫీసువాళ్ళు అక్కడ ప్యాడెల్ అనే బుల్లి టెన్నిస్ ఆటకి కోర్టులు కడతామన్నారు. (ఇక్కడ ఖాళీ జాగా కనిపిస్తే ముందు ప్యాడెల్ కోర్టు కట్టి, తర్వాత ఆలోచిస్తారు.) మాష్టారు బతిమాలితే ఒక షరతు పెట్టారు: ఐదు మ్యాచ్‌లూ, మొదటినుంచి చివరిదాకా, పదకొండు మందీ మైదానంలో ఉండాలి. ఒక్కడు తగ్గినా జట్టు ఖలాస్, మైదానం ఖలాస్. గెలవమని మాత్రం ఎవరూ అడగలేదు, మమ్మల్ని చూసినవాళ్ళు కదా. పదిమంది దొరికారు. పదకొండో వాడి కోసం వెతికి వెతికి, నలభై ఎనిమిది కిలోల నా దగ్గర ఆగారాయన. "సార్, నాకు ఆట రాదు." "నిలబడటం వచ్చా?" "వచ్చు సార్." "చాలు."

మ్యాచ్‌లకి మమ్మల్ని ఇళ్ళనుంచి తీసుకెళ్ళి, మళ్ళీ దింపింది మా కోనసీమ బాబాయి. మంగఫ్‌లో కంపెనీ బస్సు నడుపుతాడు, తనకున్న ఒక్క సెలవు రోజునా కంపెనీని అడిగి మాకోసం బస్సు తెచ్చేవాడు. కోలబంతిని చంకలో పెట్టుకుని ఎదుటివాళ్ళ గీత దాటాలి, దాటకుండా వాళ్ళు మనల్ని పడేస్తారు అని చెబితే, "ఓస్, బంతి పెట్టి కబడ్డీ అన్నమాట!" అని తేల్చేశాడు. కుర్రతనంలో ఆయన ఊళ్ళో పేరున్న కబడ్డీ ఆటగాడు. ఇక ప్రతి మ్యాచ్‌లో గీత పక్కన నిలబడి నాకు సలహాలే సలహాలు. బంతి ఎప్పుడూ నా దాకా రాదు కాబట్టి నాలుగు మ్యాచ్‌ల వరకు ప్రమాదం జరగలేదు.

ఐదో మ్యాచ్‌లో వచ్చింది. అప్పటికే నలభై పాయింట్లు వెనకబడి ఉన్నాం. ఎవడి చేతిలోంచో జారిన బంతి ఇద్దరి తలలకి తగిలి తిన్నగా నా చేతుల్లో పడింది. "ఒరేయ్! ఒకణ్ణి ముట్టుకుని వెనక్కొచ్చెయ్! మన గీత, మన గీత!" అని బాబాయి అరిచాడు. మెదడుకన్నా కాళ్ళు ముందు విన్నాయి. ఎదురొచ్చినవాడి భుజం మర్యాదగా తట్టి, వెనక్కి తిరిగి, జన్మలో పరిగెత్తనంత వేగంగా మా సొంత గీత వైపే పరిగెత్తాను. నన్ను ఆపడానికి వెంటపడ్డది మా జట్టువాళ్ళే. గీత దాటి గర్వంగా కూలబడ్డాను. నా మీద నూట పది కిలోల ప్రత్యర్థి ఒకడు కూలబడ్డాడు. మన గీత వెనక మనమే బంతితో పడితే ఎదుటివాళ్ళకి రెండు పాయింట్లట. నా చీలమండ కూడా బెణికింది.

ఇంకా పది నిమిషాల ఆట ఉంది. మాష్టారు పరిగెత్తుకొచ్చి నా కాలు చూశారు. "బయటికొచ్చెయ్. మైదానం పోతే పోయింది," అన్నారు. ఆయన వేళ్ళకి పొద్దుటి సున్నం ఇంకా అంటుకునే ఉంది. ఇక్కడ నా గుండె కరిగిపోయిందని రాయాలి. అసలు సంగతేమంటే, బెంచీ దాకా కుంటడంకన్నా అక్కడే నిలబడటం తేలికనిపించింది. "ఉంటాను సార్," అన్నాను. మా కెప్టెన్, కువైటీ కుర్రాడు, నన్ను భుజాన వేసుకెళ్ళి ఓ మూల నిలబెట్టాడు. "వల్లా, దేవుడి మీద ఒట్టు, బంతి నీ వైపు రానివ్వను. ఒకవేళ వస్తే పట్టుకోకు!" పది నిమిషాలూ కొంగలా ఒంటికాలి మీద నిలబడ్డాను. విజిల్ మోగగానే మావాళ్ళు ఎగిరి గంతులేస్తుంటే, గెలిచినవాళ్ళు అనుమానంగా స్కోరుబోర్డు వైపు చూసుకున్నారు.

బస్సు నడుపుతూ బాబాయి అద్దంలోంచి నా వైపు చూశాడు. "రెండు పాయింట్లు వచ్చేయంటగా?" అన్నాడు.

"వాళ్ళకి, బాబాయ్."

"ఎవరికైతే ఏంట్రా, తెచ్చింది నువ్వేగా!"

ఆ సీజన్ మొత్తంలో నా ఆట గురించి వచ్చిన ఏకైక ప్రశంస అది, ఇప్పటికీ దాచుకున్నాను. తర్వాత చదువులోనూ ఉద్యోగంలోనూ నా పనితనం చూసి ఎంచుకున్నవాళ్ళు ఉన్నారు, వాళ్ళకి దండం. కానీ ఏ పనితనమూ లేదని తెలిసీ నన్ను ఎంచుకున్న మాష్టారినీ, పదిమందినీ, ఆ బస్సునీ తలుచుకున్నప్పుడల్లా, ఒంటికాలి మీద నిలబడ్డ ఆ బక్కపలచటి కుర్రాడి మీద నాకు కాస్త అసూయే వేస్తుంది.

ఇప్పుడు నా ఆఫీసు ఆ కాలేజీ పక్కనే. మైదానం అలాగే ఉంది, పగలు అందులో మా కార్లు పెట్టుకోనిస్తారు. జట్టు ప్రాక్టీసు ఉన్న రోజుల్లో నాలుగున్నరకల్లా బండి తీసేయాలి.